రిటైర్మెంట్ దగ్గరపడ్డాక పాత మెమో బయటికొస్తే: పెన్షన్, గ్రాట్యుటీ కాపాడుకునే దారి

ముప్ఫై నాలుగేళ్ల సర్వీసులో నాకు వచ్చింది ఒకే ఒక్క మెమో. 1998లో ఒక రసీదు పుస్తకం కనిపించలేదని సంజాయిషీ అడిగారు. వారంలో ఇచ్చాను. పుస్తకం కూడా తర్వాత వేరే బీరువాలో దొరికింది. నేను మర్చిపోయాను, మెమో ఇచ్చిన అధికారీ మర్చిపోయాడు. ఫైలు మాత్రం మర్చిపోలేదు. 2024లో నేను రిటైరవడానికి ఎనిమిది నెలల ముందు పెన్షన్ కాగితాలు తయారు చేస్తుంటే, సెక్షన్‌లో కుర్రాడు ఫోన్ చేశాడు. "అన్నా, ఆ మెమో ఇంకా బతికే ఉండాది. నీ జవాబు ఉండాది గానీ, దాని మీద ఆర్డరు లేదు. నో ఎంక్వయిరీ సర్టిఫికెట్ ఎట్టియ్యమంటావు?"

ఆ రాత్రి నిద్ర పట్టలేదు. మూడు వారాలు తిరిగాక ఫైలు మూతపడింది. ఆ తిరుగుడులో, అంతకుముందు బిల్లుల సెక్షన్‌లో గడిపిన ఏళ్లలో నేర్చుకున్నది ఇక్కడ రాస్తున్నాను. చిత్తూరు, తిరుపతి జిల్లాల్లో పాత పెన్షన్ పద్ధతిలో ఉన్న రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగుల కోసం ఇది. 2004 సెప్టెంబర్ 1 నుంచి చేరిన సీపీఎస్ (కాంట్రిబ్యూటరీ పెన్షన్ స్కీమ్) వాళ్ల లెక్కలు వేరు. టీటీడీ ఉద్యోగులకు వాళ్ల సొంత సర్వీస్ రూల్స్ ఉన్నాయి కాబట్టి వాళ్లు ముందు వాటిని చూసుకోవాలి.

మనకు కావలసినవి రెండు పుస్తకాలు. ఒకటి 1980 నాటి ఆంధ్రప్రదేశ్ రివైజ్డ్ పెన్షన్ రూల్స్. అందులో పెన్షన్ ఎప్పుడు ఆపొచ్చో చెప్పే రూల్ 9, విచారణ నడుస్తుంటే ఏది ఇవ్వాలో చెప్పే రూల్ 52 చదివితే చాలు. రెండోది 1991 నాటి సీసీఏ రూల్స్, అంటే ఉద్యోగుల క్రమశిక్షణ రూల్స్. పెద్ద శిక్షలకు విచారణ ఎలా జరగాలో రూల్ 20, చిన్న శిక్షలకు ఎలాగో రూల్ 22 చెబుతాయి. ఈ నాలుగూ మీరే చదవండి. క్యాంటీన్‌లో వినే సలహాల్లో సగం పొరపాటే.

మొదటి పని: మీ మీద ఏముందో కనుక్కోండి

కనీసం ఏడాది ముందు మొదలుపెట్టండి. రాష్ట్రంలో రిటైర్మెంట్ వయసు 2022 జనవరి నుంచి 62 ఏళ్లు. 62 నిండిన నెల ఆఖరి రోజున దిగిపోవాలి. పుట్టింది ఒకటో తారీఖున అయితే మాత్రం అంతకు ముందు నెల ఆఖరి రోజే. ఏప్రిల్ 1న పుట్టినవారు మార్చి 31న రిటైరవుతారు. ఈ సంగతి తెలియక నెల రోజులు లెక్క తప్పినవాళ్లను చూశాను.

సర్వీస్ రిజిస్టర్‌ను కుదురుగా కూర్చుని మొదటి పేజీ నుంచి చూడండి. ఇంక్రిమెంట్ ఆగిన చోట, సస్పెన్షన్ కాలం దగ్గర, ఎర్ర ఇంకుతో రాసిన చోట కాసేపు ఆగండి. సస్పెన్షన్ ఎత్తేసి ఉద్యోగంలోకి తీసుకున్నా, ఆ కాలాన్ని డ్యూటీగా లెక్కించాలా వద్దా అన్న ఆర్డరు చాలామందికి రాదు. ఆ ఆర్డరు లేకపోతే అన్ని నెలల సర్వీసు పెన్షన్ లెక్కలో వేలాడుతుంది.

తర్వాత మీ ఆఫీసుకు ఒక ఉత్తరం రాయండి. "నా మీద శాఖాపరమైన విచారణ గానీ, ఛార్జ్ మెమో గానీ, విజిలెన్స్ లేదా ఏసీబీ రిపోర్టు గానీ, ఆడిట్ అభ్యంతరం గానీ పెండింగ్‌లో ఉన్నాయా? ఉంటే ఫైలు నంబరు, ప్రస్తుత దశ తెలియజేయగలరు." దాన్ని తపాలులో ఇచ్చి మీ కాపీ మీద ఇన్‌వర్డ్ నంబరు వేయించుకోండి. నెల దాటినా జవాబు రాకపోతే సమాచార హక్కు కింద పది రూపాయల ఫీజుతో ఇదే ప్రశ్న వేయండి. దానికి ముప్ఫై రోజుల్లో జవాబివ్వాలి. పై అధికారిని నొప్పించినట్టవుతుందేమోనని చాలామంది వెనకాడతారు. నేనూ వెనకాడాను. నిజానికి అవతల కూర్చున్నవాడికి ఇది రోజూ వచ్చే తపాలు.

మన దగ్గర ఇంకో చిక్కుంది. 2022 ఏప్రిల్ 4న తిరుపతి జిల్లా ఏర్పడింది. మనుషులు కొత్త జిల్లాకు వచ్చారు, సర్వీస్ రిజిస్టర్లు వచ్చాయి, పాత క్రమశిక్షణ ఫైళ్లలో కొన్ని చిత్తూరులోనే ఉండిపోయాయి. గూడూరు, సూళ్లూరుపేట వైపు వాళ్లవి నెల్లూరులో ఉండొచ్చు. అందుకని పాత జిల్లా ఆఫీసుకూ అదే ఉత్తరం విడిగా ఇవ్వండి. నా రసీదు పుస్తకం ఫైలు చిత్తూరులో రికార్డు రూములో, ఎర్ర గుడ్డ మూటలో అడుగున దొరికింది. ట్యాగు తీస్తే కాగితం అంచులు పొడిపొడిగా రాలాయి. నోట్ ఫైల్ ఆఖరి పేజీలో "సంజాయిషీ అందినది, ఉత్తర్వులకై" అని ఉంది. ఆ ఉత్తర్వులు ఇరవై ఆరేళ్లు ఆగాయి.

రెండో పని: అది విచారణా, ఉత్త మెమోనా తేల్చండి

టెన్షన్‌లో అందరూ తప్పు చేసేది ఇక్కడే. సంజాయిషీ అడిగిన మెమో, షోకాజు, ప్రాథమిక విచారణ, పత్రికలో వచ్చిన వార్త, విజిలెన్స్ వాళ్లు అడిగిన సమాచారం, వీటిలో ఏదీ రూల్ 9 దృష్టిలో విచారణ మొదలైనట్టు కాదు. శాఖాపరమైన విచారణ మొదలైనట్టు లెక్క ఎప్పుడంటే, అభియోగాల పత్రం మీకు జారీ చేసిన తేదీ నుంచి. అంతకు ముందే సస్పెండ్ చేసి ఉంటే సస్పెన్షన్ తేదీ నుంచి. క్రిమినల్ కేసులో అయితే, మేజిస్ట్రేటు విచారణకు స్వీకరించిన ఫిర్యాదు లేదా పోలీసు రిపోర్టు దాఖలైన తేదీ నుంచి. అంటే ఎఫ్ఐఆర్ పడిన రోజు కాదు.

నా మెమో ఉత్త సంజాయిషీ మెమో. చట్టప్రకారం నా గ్రాట్యుటీ ఆపడానికి అది చాలదు. కానీ సర్టిఫికెట్ మీద సంతకం పెట్టాల్సిన అధికారికి ఆ ధైర్యం ఉండాలి కదా. అందుకే నేను వాదనకు దిగలేదు. పాత జవాబు, రసీదు పుస్తకం దొరికినట్టు స్టాక్ రిజిస్టర్‌లో ఉన్న ఎంట్రీ రెండూ జెరాక్స్ తీసి, "తదుపరి చర్య డ్రాప్ చేస్తూ ఉత్తర్వులు ఇవ్వగలరు" అని ఒక పేజీ అర్జీ పెట్టాను. రెండు వాక్యాల ప్రొసీడింగ్స్ (ఉత్తర్వు) వచ్చింది. మీ మీద ఉన్నది ఇలాంటి మెమో అయితే ఈ దారి పట్టండి. సర్వీసులో ఉండగానే చేయించుకోవాలి. దిగిపోయాక అదే సెక్షన్‌లో మన కుర్చీలో వేరే మనిషి ఉంటాడు, మనం బయట బెంచీ మీద ఉంటాం.

మూడో పని: మూడు తేదీలు ఒక కాగితం మీద రాసుకోండి

సంఘటన జరిగిన తేదీ, ఛార్జ్ మెమో తేదీ, రిటైర్మెంట్ తేదీ. రూల్ 9 ఈ మూడింటి మీదే నడుస్తుంది.

ఛార్జ్ మెమో రిటైర్మెంట్‌కు ముందే వచ్చి ఉంటే, విచారణ రిటైరయ్యాక కూడా అలాగే సాగుతుంది. సంఘటన ఎంత పాతదైనా నాలుగేళ్ల గడువు దీనికి వర్తించదు. రిటైరయ్యాక కొత్తగా మెమో ఇవ్వాలంటే రెండు షరతులున్నాయి. ప్రభుత్వం అనుమతి ఉండాలి. సంఘటన జరిగి నాలుగేళ్లు దాటకూడదు.

ఒక ఉదాహరణ వేసుకుందాం. ఇంజనీరింగ్ శాఖలో ఒకాయన 2025 మార్చి 31న రిటైరయ్యాడు. 2019 ఆగస్టులో ఎం-బుక్‌లో (పనుల కొలతలు రాసే పుస్తకం) రాసిన కొలతల మీద ఆరోపణ ఉంది. మార్చి 28న ఛార్జ్ మెమో ఇచ్చి ఉంటే విచారణ నడుస్తుంది. అదే మెమో ఏప్రిల్ 10న ఇస్తే, సంఘటనకు ఐదేళ్లు దాటాయి కాబట్టి చెల్లదు. సంఘటన 2022 జులైది అయితే 2026 జులై వరకూ మెమో ఇవ్వొచ్చు, కానీ ప్రభుత్వ అనుమతితో మాత్రమే. కింది అధికారి తనంతట తాను ఇస్తే కుదరదు.

ఆఖరి వారంలో మెమోలు ఎందుకొస్తాయో ఇప్పుడు అర్థమై ఉంటుంది. మెమో తీసుకోకుండా సెలవు పెట్టి ఊరెళ్లిపోతే తప్పించుకోవచ్చని కొందరు సలహా ఇస్తారు. పనికిరాదు. రూలులో ఉన్న మాట "జారీ", అందుకోవడం కాదు. తీసుకోండి, తీసుకున్న తేదీ, గంట వేసి సంతకం పెట్టండి. పోస్టులో వస్తే కవరు పారేయకండి. మెమో మీద తేదీ మార్చి 28, కవరు మీద ముద్ర ఏప్రిల్ 9 ఉంటే, ఆ కవరే రేపు మీ వాదనకు ఆధారం.

నాలుగో పని: ఏ డబ్బు ఆగుతుంది, ఏది ఆగదు

విచారణ పెండింగ్ అనగానే అన్నీ ఆగిపోతాయని ఇంట్లో ఏడుపులు మొదలవుతాయి. అన్నీ ఆగవు.

జీపీఎఫ్ (ప్రావిడెంట్ ఫండ్) మీ సొంత డబ్బు. ఏపీజీఎల్ఐ (ప్రభుత్వ జీవిత బీమా) మీరు కట్టిన పాలసీ. గ్రూప్ ఇన్సూరెన్స్ కూడా అంతే. ఈ మూడింటికీ విడివిడిగా దరఖాస్తు పెట్టి తీసుకోండి, విచారణ అయ్యేదాకా ఎదురుచూడొద్దు. 300 రోజుల వరకూ వచ్చే సంపాదిత సెలవుల నగదు సంగతి మధ్యస్థం. విచారణ ముగిశాక మీ దగ్గర డబ్బు వసూలు చేయాల్సి రావచ్చని అధికారి భావిస్తే ఆపవచ్చు. ఆరోపణలో డబ్బు నష్టమే లేకపోతే, ఆ మాటే రాసి అడగండి.

పెన్షన్ బదులు ప్రొవిజనల్ (తాత్కాలిక) పెన్షన్ ఇస్తారు. మీ సర్వీసుకు వచ్చే పెన్షన్‌ను మించకుండా దీన్ని ఖరారు చేస్తారు. విచారణ ముగిసేదాకా నెలనెలా వస్తుంది. ఇది దయ కాదు, రూల్ 52 ఇచ్చిన హక్కు. కానీ అడగనిదే కదలదు.

గ్రాట్యుటీ ఆగుతుంది. పెద్ద దెబ్బ ఇదే. పూర్తి సర్వీసు ఉన్నవారికి పదహారున్నర నెలల జీతమంత మొత్తం రావాలి, దీనికి గరిష్ఠ పరిమితి 16 లక్షలు. 2022 పీఆర్సీకి (వేతన సవరణకు) ముందు ఇది 12 లక్షలు. మూలవేతనం 80,000 అనుకుంటే, ఆ ఒక్క అంకె మీదే 13,20,000. ఇందులో ఒక మినహాయింపుంది. రూల్ 22 కింద మందలింపు, ప్రమోషన్ ఆపడం, ఇంక్రిమెంట్ ఆపడం లాంటి చిన్న శిక్షల కోసం మాత్రమే మెమో ఇచ్చి ఉంటే గ్రాట్యుటీ చెల్లించవచ్చు. నష్టం వసూలు చేసే కేసైతే ఈ మినహాయింపు లేదు. మీ మెమో మీద రూల్ 20 అని ఉందా, 22 అని ఉందా చూసుకోమని చెప్పేది అందుకే.

కమ్యుటేషన్ కూడా ఆగుతుంది. పెన్షన్‌లో 40 శాతం వరకూ ముందే ఏకమొత్తంగా తీసుకునే సౌకర్యం విచారణ నడుస్తున్నంత కాలం ఉండదు. 40,000 పెన్షన్‌లో అది నెలకు 16,000 భాగం. దీన్ని నమ్ముకుని కూతురి పెళ్లి ముహూర్తం పెట్టుకున్నవాళ్లున్నారు. మెమో ఉంటే అప్పులు, ముహూర్తాలు దీని మీద పెట్టుకోవద్దు.

ఐదో పని: ప్రొవిజనల్ పెన్షన్ అడిగే ఉత్తరం

మీ డీడీవోకు (జీతం బిల్లులు పెట్టే అధికారికి) రిటైర్మెంట్‌కు కనీసం మూడు నెలల ముందే ఇవ్వండి. మాటలు ఇలా ఉంటే చాలు:

"అయ్యా, నేను ఫలానా తేదీన పదవీ విరమణ చేయుచున్నాను. నాపై ఫలానా నంబరు, తేదీ గల ఛార్జ్ మెమోపై విచారణ పెండింగ్‌లో ఉన్నది. రివైజ్డ్ పెన్షన్ రూల్స్ 1980, రూల్ 52 ప్రకారం విరమణ మరుసటి రోజు నుండి ప్రొవిజనల్ పెన్షన్ మంజూరు చేయగలరు. జీపీఎఫ్, ఏపీజీఎల్ఐ, గ్రూప్ ఇన్సూరెన్స్ మొత్తాలను విడిగా చెల్లించుటకు చర్య తీసుకొనగలరు."

అంతే. బాధలు, ఆరోగ్యం, పిల్లల చదువులు ఇందులో రాయొద్దు. నోట్ పెట్టేవాడికి రూల్ నంబరు కావాలి. దీనితో పాటు మామూలు పెన్షన్ కాగితాలు కూడా పూర్తి చేసి ఇవ్వండి. విచారణ ఉంది కదా, తర్వాత చూద్దాంలే అని సెక్షన్‌లో అంటారు, ఒప్పుకోవద్దు. సర్వీసు లెక్క సరిచూసి పెట్టుకుంటే, కేసు ముగిసిన రోజు విజయవాడలోని ఏజీ (అకౌంటెంట్ జనరల్) ఆఫీసుకు పంపడమే మిగులుతుంది. లేకపోతే ముగిశాక మళ్లీ ఆర్నెల్లు.

ఆరో పని: ఛార్జ్ మెమోకు జవాబు, విచారణ

మెమోలో గడువు ఉంటుంది, చాలావరకు పది రోజులు. ముందు నాలుగు అనుబంధాలూ ఉన్నాయా చూడండి: అభియోగం, దాని వివరణ, ఆధారపడిన పత్రాల జాబితా, సాక్షుల జాబితా. జాబితాలో ఉన్న పత్రాలు మీకు చూపకపోతే, చూపమని రాతపూర్వకంగా అడిగి, చూశాక జవాబిస్తానని గడువు కోరండి.

జవాబులో ఒక్కో అభియోగానికి ఒక్కో పేరా. "జరిగిన పొరపాటుకు మన్నించగలరు" అన్న వాక్యం మర్యాద కోసం రాస్తాం, అవతల దాన్ని అంగీకారం అని చదువుతారు. నాతో పనిచేసిన ఒకాయన ఆ ఒక్క ముక్కతో విచారణ లేకుండానే దోషి అయ్యాడు. తప్పు జరగకపోతే జరగలేదని రాయండి. జరిగింది వేరొకరి డ్యూటీలో అయితే పని పంపిణీ ఉత్తర్వు కాపీ జతచేయండి.

విచారణకు ఒక్క రోజు కూడా ఎగ్గొట్టకండి. వెళ్లకపోతే ఏకపక్షంగా ముగిస్తారు. మీ తరఫున మాట్లాడటానికి మరో ఉద్యోగి సాయం తీసుకోవచ్చు. రూల్స్ తెలిసిన మనిషిని ఎంచుకోండి, గట్టిగా అరిచేవాణ్ణి కాదు. ప్రతి రోజూ ముగింపులో ఆ రోజు రాసిన షీటు చదివి సంతకం పెట్టి, కాపీ అడగండి.

విచారణ రిపోర్టు మీకు ఇచ్చి, దాని మీద మీ అభిప్రాయం అడిగాకే తుది ఉత్తర్వు ఇవ్వాలి. ఇది మన హైదరాబాద్ ఈసీఐఎల్ సంస్థ కేసులో 1993లో సుప్రీంకోర్టు ఖరారు చేసిన సంగతి. రిపోర్టు కాపీ ఇవ్వకుండా శిక్ష వేస్తే అదే మీ మొదటి పాయింటు.

ఏడో పని: ఫైలు ఎక్కడుందో వెంటబడండి

రిటైరయ్యాక మీ మీద తుది ఉత్తర్వు ఇవ్వగలిగేది ప్రభుత్వం ఒక్కటే. జిల్లా అధికారి విచారణ మొదలుపెట్టి ఉన్నా, రిపోర్టు ప్రభుత్వానికే పంపాలి. పెన్షన్ కోత వేయాలంటే పబ్లిక్ సర్వీస్ కమిషన్‌ను సంప్రదించాలి. అంటే ఫైలు తిరుపతి కలెక్టరేట్ నుంచి శాఖాధిపతికి, అక్కడి నుంచి సచివాలయానికి, కమిషన్‌కు, మళ్లీ వెనక్కి తిరుగుతుంది. ఏళ్లు పట్టేది ఇక్కడే.

సాధారణ కేసు మూడు నెలల్లో, చిక్కు కేసు ఆరు నెలల్లో ముగించాలని ప్రభుత్వమే తన అధికారులకు చెప్పింది. 2015లో ప్రేమ్‌నాథ్ బాలి కేసులో సుప్రీంకోర్టు ఆరు నెలలు, ఎంత ఆలస్యమైనా ఏడాది అంది. అంతకు ముందు 1998లో మన రాష్ట్రం నుంచే వెళ్లిన రాధాకిషన్ కేసులో, కారణం లేకుండా ఏళ్ల తరబడి సాగదీసిన అభియోగాలను కొట్టేసింది. మూడు నెలలకోసారి ఈ మాటలు గుర్తుచేస్తూ అర్జీ ఇవ్వండి. నాలుగైదు అర్జీల రసీదులు చేతిలో ఉంటే హైకోర్టులో మీ పని సులువు.

మునుపటిలా అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ లేదు, రద్దయింది. నేరుగా అమరావతిలోని హైకోర్టులో రిట్ వేయాలి. రాత్రి తిరుపతిలో రైలెక్కితే పొద్దున విజయవాడలో దిగొచ్చు, కానీ ప్రతి వాయిదాకూ మీరు వెళ్లక్కర్లేదు. మొదటిసారే కేసు కొట్టేస్తారని ఆశపడకండి. ఇన్ని నెలల్లో ముగించండి అని గడువు పెట్టించుకున్నా మీకు మేలే.

ఎనిమిదో పని: ఉత్తర్వు వచ్చాక

డ్రాప్ చేశారా? అదే వారం గ్రాట్యుటీ, కమ్యుటేషన్, తుది పెన్షన్ కాగితాలు కదిలించండి. సస్పెన్షన్ కాలాన్ని డ్యూటీగా లెక్కించే ఉత్తర్వు మర్చిపోకండి.

దోషి అని తేలిస్తే జాగ్రత్తగా చదవండి. రిటైరైన మనిషికి ఇంక్రిమెంట్ కోత, రివర్షన్, డిస్మిస్ లాంటివి వేయలేరు. పెన్షన్‌లో లేదా గ్రాట్యుటీలో కొంత గానీ మొత్తం గానీ, కొంతకాలానికి గానీ శాశ్వతంగా గానీ ఆపగలరు, నష్టం వసూలు చేయగలరు. దానికి "తీవ్రమైన దుష్ప్రవర్తన లేదా నిర్లక్ష్యం" అన్న నిర్ధారణ ఉండి తీరాలి. 1990లో డీవీ కపూర్ కేసులో కోర్టు చెప్పింది ఇదే. ఉత్త "నిర్లక్ష్యంగా ఉన్నారు" అని రాసి కోత వేస్తే ఆ ఉత్తర్వు నిలబడదని వాదించొచ్చు. పెన్షన్‌లోంచి వసూలు మామూలుగా నెలకు మూడో వంతు మించకూడదు. అప్పటికే తీసుకున్న ప్రొవిజనల్ పెన్షన్‌ను, తుది పెన్షన్ తక్కువైనా సరే, వెనక్కి అడగరు.

ఇక్కడ ఒక పక్క మాట. రిటైరయ్యే ముందు "మీకు పదేళ్ల కిందట జీతం ఎక్కువ ఫిక్స్ చేశారు, కట్టండి" అని ఆడిట్ వాళ్లు వస్తే, అది క్రమశిక్షణ కేసు కాదు. 2014 డిసెంబర్‌లో రఫీక్ మసీహ్ కేసులో, ఏడాదిలోపు రిటైరయ్యేవారి దగ్గర, రిటైరైనవారి దగ్గర, మూడు నాలుగు తరగతుల ఉద్యోగుల దగ్గర అలాంటి వసూళ్లు చేయకూడదని సుప్రీంకోర్టు అంది. మోసం చేసి తీసుకున్నది కాకపోతే ఈ తీర్పు కాపీ పెట్టి జవాబివ్వండి.

ఆఖరిది, ఎవరూ మాట్లాడనిది. విచారణ నడుస్తుండగా ఉద్యోగి పోతే శాఖాపరమైన విచారణ అక్కడితో ముగుస్తుంది. కుటుంబ పెన్షన్ రావాలి, ఆగిన గ్రాట్యుటీ కోసం భార్య గానీ భర్త గానీ అడగాలి. పాపం చాలామందికి ఆ సంగతే తెలియదు, ఫైలు నంబరు అసలే తెలియదు. ఛార్జ్ మెమో, జవాబు, అర్జీల రసీదులు, ప్రొవిజనల్ పెన్షన్ ఉత్తర్వు ఒకే ఫైలులో పెట్టి, పైన ఫైలు నంబరు, సెక్షన్ పేరు పెద్దక్షరాలతో రాయండి. నేను నా రెండు వాక్యాల ప్రొసీడింగ్స్‌ను ఐదు కాపీలు తీసి ఒకటి మా ఆవిడ చీరల అరలో పెట్టించాను. ఆమె నవ్వింది గానీ తీసేయలేదు.